బెయిలు వచ్చినంత మాత్రమున



గత మాసమున మా ధారూరులో ఒక తల్లి మధ్యాహ్నపువేళ మా యింటికి వచ్చి గుమ్మములోనే కూలబడెను. కట్నముకొఱకు బాధించిరని ఆమె కూతురు భర్తమీదను అత్తమామలమీదను ఫిర్యాదు చేసియుండెను. ఆ ముగ్గురకును ముందస్తు బెయిలు వచ్చినదట. "అమ్మా, మా పిల్ల చెప్పినది అబద్ధమని కోర్టు తేల్చినట్లేనా?" యని ఆమె కన్నీరు పెట్టుకొనెను. ఆ సాయంకాలమే మఱియొక యిల్లాలు, "వారు నిర్దోషులైనారు, పీడ వదలినది" అని సంతోషించెను. ఇద్దఱును పొరబడిరి.

ముందస్తు బెయిలనగా తీర్పు కాదు. తన్ను అరెస్టు చేయుదురని తగిన కారణముతో భయపడువాడు ముందుగానే సెషన్సు కోర్టునుగాని హైకోర్టునుగాని ఆశ్రయించి పొందు రక్షణము. ఇది 1973 నాటి శిక్షాస్మృతి విధానములో 438వ సెక్షనుగా నుండెను. 2024 జూలై 1 నుండి అమలులోనున్న నాగరిక సురక్షా సంహితలో 482వ సెక్షను. వాన కురియుచుండగా పట్టుకొన్న గొడుగువంటి దిది. తల తడువదు, వాన మాత్రము నిలువదు. విచారణ జరుగును, సాక్షులు వత్తురు, నేరము ఋజువైనచో శిక్షయు పడును.

భర్తయు అతని బంధువులును భార్యను క్రూరముగా చూచుట 1983లో 498-ఏ సెక్షనుచే నేరమైనది. నేడది న్యాయ సంహితలో 85, 86 సెక్షనులు. మూడేండ్లవరకు జైలును జరిమానాయు కలవు. ఇట్టి కేసులలో యాంత్రికముగా అరెస్టు చేయరాదనియు, అవసరము లేనప్పుడు నోటీసిచ్చి పిలువవలెననియు సుప్రీంకోర్టు 2014 జూలై 2న ఆదేశించెను. కోడలిపై ఎన్నడును చేయి యెత్తని ముదుసలి అత్తయు, వేరూర కాపురముండు ఆడపడుచును నిందితుల పట్టీలో చేరుట కలదు గదా! మన తెలంగాణపు కేసొకదానిని 2024 డిసెంబరు 10న కొట్టివేయుచు, నిర్దిష్టమైన ఆరోపణ లేక కుటుంబమునంతటిని లాగరాదని ఆ న్యాయస్థానమే పలికెను. అయినను క్రూరత్వమునకు గురియైన స్త్రీ మౌనము వహింపవలెనని తమ యభిప్రాయము కాదనియు ఆ తీర్పులోనే స్పష్టము చేసెను. ఈ రెండు మాటలను కలిపి చదువుకొనవలెను.

కావున కూతురి తల్లులారా, బెయిలు వచ్చెనని క్రుంగిపోకుడు. పోలీసులు పిలిచినపుడు విచారణకు రావలెను, సాక్షులను బెదరింపరాదు మొదలైన షరతులు దానికుండును. ఎవరైన బెదరించినచో ఆ బెయిలు రద్దుచేయుమని కోరవచ్చును. వైద్యుని చీటీలు, ఉత్తరములు, ఫోనులోని సందేశములు, పుట్టింటివారిచ్చిన నగల పట్టీ భద్రపఱుపుడు. మనోవర్తియు, నివసించు హక్కును, రక్షణోత్తరువును 2005 నాటి గృహహింస చట్టముక్రింద వేఱుగా కోరవచ్చును. బెయిలు దాని కడ్డు కాదు. ఆదాయముతో నిమిత్తము లేక ప్రతి స్త్రీకిని న్యాయసేవాధికార సంస్థ ఉచితముగా వకీలు నిచ్చును. ఆ సంస్థ ఫోను నంబరు 15100. ఆపదవేళ స్త్రీల సహాయమునకు 181.

కొడుకుల తల్లులారా, నోటీసు వచ్చినచో దాగవద్దు; వకీలుతో పోయి సమాధానము చెప్పుడు. బెయిలు చేత పట్టుకొని వియ్యపురాలి వాకిట నిలిచి కేకలు వేయుట తప్పు మాత్రమే కాదు, ఆ బెయిలుకే చేటు. తప్పు జరిగియున్న యెడల ముందుగా కోడలి వస్తువులు కోడలికి చేర్పుడు.

ఈ సంగతులన్నియు చెప్పగా ఆ తల్లి కొంతసే పూరకుండెను. మఱునాడుదయము కూతురిని వెంటబెట్టుకొని వికారాబాదు రైలెక్కెనని తెలిసినది. పెండ్లినాటి సామానుల పట్టీ ఆమె కొంగున ముడివేసి యుండెనట.