లెన్స్ సరే, నాలుగో రోజు సంగతేంటి?

మొన్న మా టీములో ఓ కుర్రాడు లాప్‌టాప్ పట్టుకుని నా సీటు దగ్గరికొచ్చాడు. "అన్నా, మీ అమ్మగారికి కాటరాక్ట్ ఆపరేషన్ అయింది కదా, మా నాన్నకి వచ్చే నెల చేయిద్దామనుకుంటున్నాం. ఏ లెన్స్ మంచిది?" అని. చూద్దును కదా, ఓ పెద్ద ఎక్సెల్ షీటు. మోనోఫోకల్, మల్టీఫోకల్, టోరిక్, ఇక్కడ తయారైంది, బయట్నుంచి వచ్చింది, ధరెంత, ఇన్సూరెన్స్‌లో ఎంతొస్తుంది, మన జేబులోంచి ఎంత పోతుంది.. అన్నిటికీ కాలమ్స్, వాటికి మళ్ళీ రంగులు. ముందు నవ్వొచ్చింది. తర్వాత నవ్వు రాలేదు. మూడేళ్ళ క్రితం అచ్చం ఇలాంటి షీటే నేనూ చేశాను మరి.

"ఇవన్నీ సరే, ఆపరేషనైన నాలుగో రోజు మీ నాన్నగారి దగ్గర ఎవరుంటారు?" అనడిగాను.

"నాలుగో రోజెందుకన్నా! అరగంట పని, ఆ రోజే ఇంటికి పంపేస్తారట కదా. నేను శుక్ర, శని ఉండి ఆదివారం రాత్రి బస్సెక్కేస్తా" అన్నాడు.

అదిగో, ఆ మాట విన్నాకే ఇది రాయాలనిపించింది.

మా అమ్మ పశ్చిమ గోదావరిలో మా ఊళ్ళో ఒక్కతే ఉంటుంది. ఆపరేషన్ శుక్రవారం. శనివారం కట్టు విప్పగానే "గోడమీద క్యాలెండర్లో తిథి కూడా కనపడుతోందిరా" అని తెగ సంబరపడింది. ఆదివారం రాత్రి నేను హైదరాబాద్ బస్సెక్కేశాను. మంగళవారం పొద్దున్న లేచేసరికి కన్ను ఎర్రగా ఉంది, చూపు మసకేసింది. అమ్మ ఆసుపత్రికి ఫోన్ చేసింది. ఎత్తినావిడ "ఆపరేషనన్నాక ఆమాత్రం ఎరుపు ఉంటుందమ్మా, చుక్కలు మానకండి, శుక్రవారం చెకప్‌కి ఎలాగూ వస్తారుగా" అంది. అమ్మకి అదే డాక్టరు మాట. సాయంత్రం నేను ఫోన్ చేస్తే "బానే ఉందిరా, కాస్త మసగ్గా ఉందంతే" అంది. ఆ రాత్రి మాకు రిలీజ్. "సరే అమ్మా, రెస్ట్ తీసుకో" అని పెట్టేశాను.

బుధవారం మధ్యాహ్నం ఎదురింటి అత్తయ్యగారు ఫోన్ చేసి "అమ్మ కన్ను తెరవలేకపోతోంది బాబూ" అన్నారు. విజయవాడలో రెటీనా డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళేసరికి రాత్రయింది. కంటి లోపల ఇన్ఫెక్షన్, ఎండాఫ్తల్మైటిస్ అన్నారాయన. నల్లగుడ్డు ముందు అడుగున తెల్లగా చీము పేరుకుని మామూలు కంటికే కనపడుతోంది. ఆ రాత్రే కంట్లోకి యాంటీబయాటిక్ ఇంజెక్షన్లు ఇచ్చారు, తర్వాత ఇంకో ఆపరేషన్ కూడా అయింది. ఇవాళ ఆ కంటితో అమ్మకి మనిషి ఆకారం తెలుస్తుంది, మొహం తెలీదు. "నిన్న పొద్దున్న వచ్చుంటే పూర్తిగా దక్కేదని చెప్పలేను గానీ, ఇంతకన్నా బాగుండేదేమో" అన్నాడు డాక్టరు. ఆ మంగళవారం సాయంత్రం ఫోన్‌కాల్ నాకింకా గుర్తొస్తూనే ఉంటుంది.

ఇది చదివి "అమ్మో, ఆపరేషనే వద్దు" అనుకునేరు, నేననేది అది కాదు. ప్రపంచంలో అతి ఎక్కువగా, అతి సురక్షితంగా జరిగే ఆపరేషన్లలో ఇదొకటి. మంచి ఆసుపత్రుల్లో ఈ ఇన్ఫెక్షన్ వెయ్యిమందిలో ఒకరికి కూడా రాదు. మా అమ్మ రెండో కంటికి కూడా తర్వాత చేయించాం, ఆ కంటితోనే పేపరు చదువుతోంది. ఆ రెండోసారి మాత్రం నేను తొమ్మిది రోజులు ఇంట్లోనే ఉన్నాను.

ఇంకో అపోహ: ఏదైనా తేడా వస్తే "లెన్స్ మంచిది కాదు" అని లెన్స్‌ని తిట్టడం. లెన్స్ పాపం చాలా అరుదు. రెండో ప్రపంచ యుద్ధంలో విమానం అద్దాలు పగిలి ఆ అక్రిలిక్ ముక్కలు పైలట్ల కళ్ళలో దిగబడ్డా కన్ను వాటితో గొడవపడట్లేదని హెరాల్డ్ రిడ్లీ అనే బ్రిటిష్ డాక్టరు గమనించాడు. ఆ ఆలోచనతోనే 1949లో లండన్‌లో మొదటి కృత్రిమ లెన్స్ అమర్చాడు. మొదటి పేషెంటుకి పవర్ లెక్క బాగా తప్పింది, తోటి డాక్టర్లు ఏళ్ళతరబడి ఆయన్ని తప్పుబట్టారు, అది వేరే కథ. 1992లో మధురైలో ఆరోల్యాబ్ మొదలయ్యాక లెన్సులు మన సామాన్యులకి కూడా అందే ధరకొచ్చాయి. కాబట్టి ఖరీదైన లెన్స్ వేయిస్తే ఇన్ఫెక్షన్ రాదనుకోవడం భ్రమ. మల్టీఫోకల్ వేయిస్తే కళ్ళద్దాల అవసరం తగ్గొచ్చు గానీ, రాత్రిపూట దీపాల చుట్టూ వలయాలు కనపడే అవకాశం కూడా దాంతోపాటే వస్తుంది.

మరి ఇన్ఫెక్షన్ ఎక్కణ్ణుంచి? చాలాసార్లు మన రెప్పల మీద, చర్మం మీద ఉండే బాక్టీరియానే. అందుకే ఆపరేషన్‌కి ముందు కంట్లో అయోడిన్ మందు వేస్తారు. చివర్లో కంటి లోపలికే యాంటీబయాటిక్ ఇస్తే ప్రమాదం దాదాపు ఐదో వంతుకి తగ్గుతుందని 2007లో వచ్చిన యూరప్ అధ్యయనం చూపించింది. మీ డాక్టర్ని "అది ఇస్తున్నారా సార్?" అని అడగండి, తప్పేం లేదు. కంటి లోపలి జెల్లీలో రక్తనాళాలుండవు. బాక్టీరియా అందులోకి చేరిందా, పైన వేసే చుక్కలు సరిపోవు. అందుకే గంటల లెక్క.

మన ఇళ్ళల్లో జాగ్రత్తలు ఎలా ఉంటాయో తెలుసుగా. "పప్పు పెట్టకండి చీము పడుతుంది, వంకాయ అసలే వద్దు" అని నలుగురూ పత్యం చెబుతారు. చుక్కలు వేసేముందు చేతులు సబ్బుతో కడిగావా అని మాత్రం ఒక్కరూ అడగరు!

ఇప్పుడు మా పెదనాన్న సంగతి. ఆయనది పూర్తిగా రివర్స్. ఆపరేషనైన రెండేళ్ళకి చూపు మెల్లగా మసకబారింది. "శుక్లం మళ్ళీ వచ్చిందిరా, లెన్స్ పాడైపోయింది, మళ్ళీ కోయించుకోలేను" అని ఎవరికీ చెప్పకుండా ఏడాదిన్నర అలాగే లాక్కొచ్చాడు. తీరా చూస్తే లెన్స్ వెనక ఉండే పల్చటి పొర మసకబారిందంతే. ఇది చాలా మామూలు విషయం. యాగ్ లేజర్‌తో ఆ పొరకి చిన్న కిటికీలాంటిది చేస్తారు, కొన్ని నిమిషాల పని, కోత లేదు, కుట్టు లేదు. పరిగెత్తాల్సిన అమ్మ ఆగింది, భయపడక్కర్లేని పెదనాన్న ఏడాదిన్నర భయపడ్డాడు. ఇద్దరికీ ఎవరూ ఏమీ చెప్పలేదు, అదీ సంగతి.

మన భాషలో చెప్పాలంటే ఇది సివియారిటీ వేయడం లాంటిదే:

సివ్ 1: మొదటి కొన్ని వారాల్లో, ముఖ్యంగా మొదటి వారంలో, బాగున్న చూపు తగ్గడం, ఎరుపు పెరగడం, నొప్పి, చీము. ఒకవేళ నొప్పి లేకపోయినా సరే, ఈ ఇన్ఫెక్షన్‌లో దాదాపు నాలుగింట ఒకరికి నొప్పి ఉండదు. గంటల్లో వెళ్ళాలి, చెకప్ తేదీ కోసం ఆగకూడదు.

ఇదీ సివ్ 1: ఎప్పుడైనా సరే మెరుపులు, ఒక్కసారిగా నల్లచుక్కల గుంపు, చూపులో ఓ పక్క తెర దిగినట్టు అనిపించడం. రెటీనా ఊడుతుండొచ్చు. ఆ రోజే చూపించాలి. బాగా మైనస్ పవర్ ఉన్నవాళ్ళకి ఈ ప్రమాదం ఎక్కువ. మనలో సోడాబుడ్డి బ్యాచ్ చాలానే కదా, ముందుముందు మనకీ పనికొస్తుంది.

సివ్ 2: నాలుగైదు వారాలకి మధ్యలో చూపు మసకేయడం. రెటీనా మధ్యభాగంలో నీరు చేరి ఉండొచ్చు, షుగర్ ఉన్నవాళ్ళకి ఎక్కువ. చుక్కలతోనే చాలామందికి తగ్గుతుంది, ఆ వారంలోనే చూపించండి.

సివ్ 3: నెలలు, ఏళ్ళ తర్వాత మెల్లగా వచ్చే మసక. పెదనాన్న కేసు. తీరిగ్గా వెళ్ళండి, కానీ వెళ్ళండి.

ఆపరేషన్‌కి ముందు చెప్పాల్సింది ఒకటుంది. నాన్నగారు ప్రోస్టేట్‌కి టామ్సులోసిన్ వాడుతుంటే కంటి డాక్టరుకి తప్పకుండా చెప్పండి. దానివల్ల ఆపరేషన్ మధ్యలో కనుపాప చుట్టూ ఉండే ఐరిస్ పట్టు సడలి ఇబ్బంది పెడుతుందని 2005లోనే బయటపడింది. కంటికీ ఆ మాత్రకీ సంబంధమేంటని మనం చెప్పం.

ఆసుపత్రుల మీద నా కోపం డాక్టర్ల చేతి మీద కాదు, ఆ తర్వాతి ఏర్పాటు మీద. నిన్ననే కంటికి ఆపరేషనైన డెబ్భై ఏళ్ళావిడ చేతిలో చీమల బారులాంటి ఇంగ్లీషు డిశ్చార్జ్ సమ్మరీ పెడతారు. ఎవరు చదవాలది? తెలుగులో, వేలెడంత అక్షరాలతో, "ఇవి కనపడితే వెంటనే రండి" అని ఒక్క కాగితం ఇవ్వలేరా? ఫోన్ ఎత్తేవాళ్ళకి "చూపు నిన్నటికన్నా తగ్గిందా?" అనే ఒక్క ప్రశ్న అడగడం నేర్పలేరా? 2016లో హైదరాబాద్ సరోజినీదేవి ఆసుపత్రిలో, 2021లో ముజఫర్‌పూర్‌లో జరిగినట్టు ఒకేసారి పదిమందికి ఇన్ఫెక్షన్ వస్తే పేపర్లో పడుతుంది. ఒక్కరికొస్తే ఆ ఇంట్లోనే ఉండిపోతుంది.

సరే, వాళ్ళ సంగతి అలా ఉంచితే మన సంగతేంటి? ఓ చెత్త రిలీజ్‌కి రెండు వారాలు రాత్రింబవళ్ళు కాపలా కాస్తాం, అమ్మ కంటికి రెండు రోజులు. మొదటి వారం ఎవరో ఒకరు ఇంట్లో ఉండండి. కుదరకపోతే రోజూ వీడియో కాల్‌లో కన్ను చూడండి, బాగున్న కన్ను మూయించి క్యాలెండర్ చదివించండి. "బానే ఉందిరా" అన్న మాటని మాత్రం నమ్మకండి, మన అమ్మలు ఆ మాట ఎప్పుడైనా అంటారు.

మా కుర్రాడు సెలవు వచ్చే వారమంతా ఉండేలా మార్చుకున్నాడు. లెన్స్ ఇంకా తేల్చుకోలేదట. పర్లేదు, డాక్టర్ చెప్తారు.