పరువు ఎవరి సొత్తు?

కులాంతర వివాహం చేసుకున్నవారిని చంపితే దానిని ‘పరువు హత్య’ అంటోంది మన సమాజం. చంపినవాడికే పరువున్నట్టు! ఒకనాటి జమీందారీ కేంద్రమైన కార్వేటినగరంలోనైనా, మరే పల్లెలోనైనా, దొంగ అన్న అబద్ధపు ముద్రతో పని పోగొట్టుకున్న దళిత కూలీ పరువును లెక్కించేదెవరు?

కులం పేరుతో నలుగురిలో దూషిస్తే 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం శిక్షిస్తుంది. సహాయపు సొమ్ము మాత్రం ప్రభుత్వమిస్తుంది. సివిల్ కోర్టులో పరువునష్టం దావా గెలిస్తే నింద మోపినవాడే పరిహారం చెల్లించాలి. నింద తన గురించేనని, ఇతరుల చెవిన పడిందని బాధితుడు చూపాలి. అది నిజమని నిరూపించే భారం ప్రతివాదిది. గడువు ఒక్క ఏడాదే. 1987 నాటి న్యాయ సేవల చట్టం 12వ సెక్షన్ కింద ఎస్సీ, ఎస్టీలు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయానికి అర్హులు; అయితే పరువునష్టం దావాకు అది దొరుకుతుందో లేదో ముందే కనుక్కోవాలి.

క్రిమినల్ కేసులో బాధితుడు సాక్షి. దావాలో అతడే వాది.