పాయింట్లు యాడికి పోతాయి?

యాడికి నుంచి ఒక సోదరి ఇలా అడుగుతున్నారు: "నెలకొకసారి తాడిపత్రికి పోయి ఇంటి సరుకులు తెచ్చుకుంటాము. బిల్లు వేసే అమ్మాయి ఫోన్ నంబరు అడుగుతుంది. అప్పుడు నాకు ఫోను లేదు, మా ఇంటాయన నంబరే చెప్తా వచ్చినా. పాయింట్లన్నీ ఆయన పేరుమీదనే పడినాయి. ఇప్పుడు నాకూ ఫోను ఉంది. ఆ పాయింట్లు నా నంబరుకు మార్చుకునేకి అయితుందా? ఇంకొకటి. బ్యాంకు కార్డు పాయింట్లు ఈ రోజుతో అయిపోతాయి, మీ ఖాతాలోకి మారుస్తాము, ఇక్కడ నొక్కండి అని మెసేజి వచ్చింది. నొక్కచ్చునా?"

సీమ మాటలో 'యాడికి' అంటే 'ఎక్కడికి' అని కదా! ఆ ఊరి ఆడపడుచే "పాయింట్లు యాడికి పోతాయి" అని అడగడం ముచ్చటగా ఉంది. ముందు రెండో ప్రశ్నకు జవాబు చెప్తాను, ఎందుకంటే అది ఆగేది కాదు. నొక్కవద్దమ్మా. ఆ మెసేజిని తీసెయ్యండి. ఎందుకో కాసేపట్లో చెప్తాను. ఇక మొదటి ప్రశ్నకు వద్దాం.

అసలు ఈ పాయింటు అంటే ఏమిటి? మీరు మా దగ్గరే కొంటున్నారు కాబట్టి, మళ్ళీ వస్తే ఇంత తగ్గిస్తామని దుకాణం వాళ్ళు ఇచ్చే మాట. ఇది కొత్త సంగతేమీ కాదు. అమెరికాలో 1896లోనే ఒక కంపెనీ సరుకులు కొన్నవాళ్ళకు చిన్న చిన్న స్టాంపులు ఇచ్చేది. పుస్తకంలో అంటించి, నిండాక తీసుకువెళితే సామాను ఇచ్చేవారు. మన దగ్గర 1999లో ప్రపంచ కప్ క్రికెట్ పోటీలప్పుడు బ్రిటానియా వాళ్ళు బిస్కెట్ల కాగితాల మీద పరుగులు అచ్చువేసి, 100 పరుగులు కూడబెడితే బహుమతి పుస్తకం ఇచ్చిన సంగతి చాలామందికి గుర్తుండే ఉంటుంది. ఇలాంటి కాగితాలకు పేరూ ఊరూ ఉండేవి కావు. పక్కింటి పిల్లవాడి దగ్గర 40, మీవాడి దగ్గర 60 ఉంటే కలిపేసుకుంటే సరిపోయేది. ఎవరి చేతిలో ఉంటే వాళ్ళదే.

ఇప్పటి పాయింటుకు కాగితం లేదు. అది కంపెనీ కంప్యూటరులో మీ పేరు పక్కన, మీ ఫోన్ నంబరు పక్కన రాసి ఉన్న ఒక అంకె. మన పొదుపు సంఘం పుస్తకం లాంటిదనుకోండి. అక్క కట్టిన పొదుపును చెల్లెలి పేరు మీద రాయమంటే లీడరు రాయదు కదా! కాకపోతే ఒక తేడా ఉంది. సంఘంలో ఉన్నది మీ డబ్బు. పాయింటు మాత్రం కంపెనీ ఇచ్చిన మాటే. ఆ మాటకు షరతులు వాళ్ళే పెడతారు, మార్చేదీ వాళ్ళే. కాబట్టి ఎక్కువ పథకాల్లో ఒకరి పాయింట్లు ఇంకొకరి ఖాతాలోకి మార్చడం కుదరదు. మొగుడూ పెళ్ళాలైనా సరే, తల్లీ కూతుళ్ళైనా సరే.

ఎందుకు ఒప్పుకోరని మీరు అడగవచ్చు. రెండు కారణాలు. కంపెనీ లెక్కల్లో ప్రతి పాయింటూ తీర్చవలసిన బాకీ. ఒక్కొక్కరి దగ్గర 30, 50 మిగిలి ఎవరికీ పనికిరాకుండా పోతే ఆ బాకీ తీరకుండానే రద్దయిపోతుంది. ఇంటిల్లిపాదీ కలిపేసుకుంటే అది తీర్చాల్సిందే. ఇక రెండోది దొంగల భయం. మార్చడం సులువైతే, ఒకరి ఖాతాలో దూరినవాడు క్షణంలో అన్నీ తనవైపు లాగేసుకుంటాడు.

అన్నిచోట్లా ఒకే పద్ధతి ఉండదు కాబట్టి, ఇంట్లో సాధారణంగా ఉండే రకాలను విడివిడిగా చూద్దాం.

సరుకుల దుకాణం పాయింట్లు: ఇవి ఫోన్ నంబరును పట్టుకుని ఉంటాయి. మీ ఆయన నంబరు మీద ఉన్నవి మీ నంబరుకు మారకపోయినా నష్టం లేదు. ఈసారి బిల్లు వేసేటప్పుడు ఆయన నంబరే చెప్పండి, ఆయన ఫోనుకు వచ్చే అంకెలను అడిగి, కౌంటరులో చెప్పి ఆ పాయింట్లు బిల్లులో తగ్గించమనండి. పాయింటు కదలకపోయినా కందిపప్పు మీ ఇంటికే వస్తుంది కదా! అవి అయిపోయాక, ఆ తరువాతి నెల నుంచి మీ నంబరు చెప్పడం మొదలుపెట్టండి.

బ్యాంకు డెబిట్ కార్డు పాయింట్లు: కార్డు ఎవరి పేరున ఉంటే వారివే. కొన్ని బ్యాంకుల్లో ఒక పాయింటు విలువ పావలా. గడువు కూడా ఉంటుంది. ఆ గడువులోగా వాడుకోకపోతే మాయమైపోతాయి.

క్రెడిట్ కార్డు పాయింట్లు: భర్త కార్డు మీద భార్యకు అదనపు కార్డు ఇస్తుంటారు. ఆ కార్డుతో మీరు ఎంత కొన్నా, పాయింట్లు మామూలుగా అసలు కార్డుదారు ఖాతాలోనే జమ అవుతాయి. మీ పేరు కార్డు మీద ఉన్నంత మాత్రాన పాయింట్లు మీ పేరున ఉన్నట్టు కాదు.

విమానాలు, హోటళ్ళ పాయింట్లు: పిల్లలు అమెరికాలోనో దుబాయిలోనో ఉన్నవాళ్ళకు ఇవి పనికొస్తాయి. ఇక్కడ కొంచెం వెసులుబాటు ఉంది. కొన్ని విమాన సంస్థలు కుటుంబ సభ్యుల పాయింట్లను ఒక చోట కలుపుకోనిస్తాయి. కొన్ని మార్చినందుకు రుసుము తీసుకుంటాయి. ఆ రుసుము ఒక్కోసారి పాయింట్ల విలువనే మింగేస్తుంది. చాలాచోట్ల ఇంకో దారి ఉంది. పాయింట్లు అబ్బాయి ఖాతాలోనే ఉంచి, టికెట్టు మాత్రం అమ్మ పేరున తీయించవచ్చు. మార్చడం కన్నా ఇదే మేలు.

బహుమతి కూపన్లు: మీ పాయింట్లు చెల్లెలికి ఇవ్వాలని ఉందా? పాయింట్లుగా ఇవ్వలేకపోతే, ముందు వాటితో ఒక బహుమతి కూపను తీసుకుని ఆ కూపను ఆమెకు ఇవ్వండి. చాలా పథకాల్లో ఇది కుదురుతుంది. ఒక్క జాగ్రత్త, కూపను నంబరు ఎవరికి తెలిస్తే వాళ్ళు వాడేసుకోవచ్చు. అందరూ ఉండే వాట్సాప్ గ్రూపులో పెట్టకండి.

ఇక చాలామంది పట్టించుకోని సంగతి, ఫోన్ నంబరు మారడం. కరువొచ్చి బెంగుళూరుకు పనికి పోయినప్పుడు అక్కడ కొత్త సిమ్ము తీసుకోవడం, పాతది రీఛార్జి చేయించక వదిలేయడం మన వైపు మామూలే. ఆగిపోయిన నంబరును కనీసం 90 రోజులు ఎవరికీ ఇవ్వరు. ఆ తరువాత కొత్తవాళ్ళకు ఇవ్వవచ్చు. 2023లో ఈ వ్యవహారం సుప్రీంకోర్టు దాకా వెళ్ళినప్పుడు టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ ఈ మాటే చెప్పింది. అంటే మీ పాత నంబరు మీద ఉన్న పాయింట్లే కాదు, ఆ నంబరుకు వచ్చే బ్యాంకు మెసేజీలు కూడా ముక్కూమొహం తెలియనివాళ్ళకు పోవచ్చు. అందుకని పాత నంబరు పనిచేస్తూ ఉండగానే బ్యాంకులో, దుకాణంలో కొత్త నంబరు రాయించండి. పాత నంబరుకు వచ్చే అంకెలు చెప్తే గానీ కొన్నిచోట్ల మార్చరు. సిమ్ము పారేశాక పరుగెత్తితే లాభం లేదు.

ఇంకో మాట చెప్పాలి. అశుభం అనుకోకండి, తెలుసుకుని ఉండటం మంచిది. మనిషి పోతే బ్యాంకులోని డబ్బు నామినీకి అందుతుంది. 2025 నవంబరు 1 నుంచి ఒక ఖాతాకు నలుగురిదాకా నామినీలను రాసుకునే వీలు కూడా వచ్చింది. పాయింట్లకు ఇలాంటి ఏర్పాటు సాధారణంగా ఉండదు. ఖాతా మూసేస్తే పాయింట్లూ అంతే. మనిషే కాదు, పథకమూ శాశ్వతం కాదు. 2006లో ఐమింట్ అనే పాయింట్ల పథకం మొదలైంది. తరువాత దాని పేరు పేబ్యాక్ అయింది. 2021లో భారత్‌పే సంస్థ దాన్ని కొన్నది, 2022లో జిలియన్ అని పేరు మార్చింది. ఒకప్పుడు ఈ పాయింట్లు చెల్లిన బిగ్ బజార్ దుకాణాలు 2022లో మూతపడ్డాయి. అందుకే చెప్తున్నాను, పాయింట్లను బంగారంలా దాచకండి. అవి కరివేపాకు లాంటివి. పచ్చిగా ఉన్నప్పుడే పోపులో వేసుకోవాలి.

ఇప్పుడు ఆ మెసేజి సంగతి. 2024లో స్టేట్ బ్యాంకు పేరుతో ఇలాంటి మెసేజీలు దేశమంతా తిరిగాయి. మీ పాయింట్ల విలువ 9,980 రూపాయలు, ఈ రోజుతో గడువు అయిపోతుంది, ఈ యాప్ వేసుకోండి అని వాటి సారాంశం. ఇది మోసమని కేంద్ర ప్రభుత్వ సమాచార సంస్థ పీఐబీ ప్రకటించింది. ఎస్ఎంఎస్, వాట్సాప్‌ల ద్వారా లింకులు గానీ యాప్ ఫైళ్ళు గానీ తాము పంపబోమని బ్యాంకూ చెప్పింది.

మన ఇంటి లెక్కతో చూసినా ఆ మాటలో పస లేదని తెలిసిపోతుంది. పాయింటు పావలా అయితే 9,980 రూపాయలకు 39,920 పాయింట్లు కావాలి. 100 రూపాయల కొనుగోలుకు ఒక పాయింటు చొప్పున అనుకుందాం. అన్ని పాయింట్లు రావాలంటే దాదాపు 40 లక్షల రూపాయల సరుకులు కొని ఉండాలి! శనక్కాయల పంట మీద బతికే ఇంట్లో ఎవరు కొన్నారమ్మా అన్ని సరుకులు?

నొక్కితే ఏమవుతుంది? ఫోనులో ఒక దొంగ యాప్ వచ్చి కూర్చుంటుంది. మీకు వచ్చే మెసేజీలన్నీ అవతలివాడు చదువుతాడు. బ్యాంకు పంపే ఓటీపీ అంకెలు కూడా వాడికి కనిపిస్తాయి. పావలా పాయింట్ల కోసం పోతే పాసుపుస్తకంలో ఉన్నదంతా ఊడ్చుకుపోతుంది.

పొరపాటున ఎవరైనా నొక్కి ఉంటే సిగ్గుపడి దాచిపెట్టవద్దు. ఇంట్లో తిడతారని ఆడవాళ్ళు నోరు మెదపకపోవడమే ఆ దొంగలకు కావలసింది. వెంటనే 1930కి ఫోను చేయండి. సైబర్ నేరాలకు దేశమంతటికీ అదే నంబరు. డబ్బు చేతులు మారకముందే ఆపగలిగే అవకాశం ఎంత తొందరగా చెప్తే అంత ఎక్కువ. బ్యాంకుకూ చెప్పి కార్డు ఆపు చేయించండి. 2017లో రిజర్వు బ్యాంకు ఒక నియమం పెట్టింది. తప్పు బ్యాంకుదీ మీదీ కాకుండా డబ్బు పోతే, బ్యాంకు నుంచి సమాచారం అందాక 3 పనిదినాల్లో తెలియజేస్తే నష్టం మీ మీద పడదు. మీరే ఓటీపీ చెప్పేసి ఉంటే, బ్యాంకుకు తెలిపేదాకా జరిగిన నష్టం మీదే. తెలిపాక జరిగేది బ్యాంకుది. కాబట్టి ప్రతి నిమిషమూ లెక్కే.

ఈ నాలుగు మాటలు కత్తిరించి క్యాలెండరు వెనక అంటించుకోండి.

1. సరుకులు కొనేది మీరైతే, నంబరూ మీదే చెప్పండి.

2. రెండు నెలలకోసారి ఇంట్లో అందరి పాయింట్లు చూసి, పనికొచ్చేవాటిని బిల్లులో తగ్గించుకోండి.

3. నంబరు మార్చేముందు బ్యాంకుకు, దుకాణానికి చెప్పండి.

4. పాయింట్లు మార్చిస్తామని ఎవరు ఫోను చేసినా పెట్టేయండి. అనుమానముంటే కార్డు వెనక ఉన్న నంబరుకు మీరే ఫోను చేసి కనుక్కోండి.

మొదటి మాట గురించి ఇంకొక్క ముక్క. ఎండలో బస్సెక్కి పోయి, ధరలు బేరీజు వేసి, సంచులు మోసుకుని వచ్చేది ఇంటి ఇల్లాలు. ఆ కొనుగోలు గుర్తు మాత్రం వేరే వాళ్ళ నంబరు మీద ఉంటుంది. ఇది పెద్ద ఆస్తేమీ కాదు, నిజమే. అయినా ఏడాదికి ఒక నూనె ప్యాకెట్టో, పండగకు పిల్లల గౌనో వస్తుంది. అది మీ పేరున వస్తే దాన్ని ఎప్పుడు, దేనికి వాడాలో నిర్ణయించేది కూడా మీరే అవుతారు. మీ ఇంటాయనతో తగువు అక్కరలేదు సోదరీ. ఆయన పాయింట్లతో ఈ నెల కందిపప్పు తెచ్చుకోండి, వచ్చే నెల బిల్లుకు మీ నంబరు చెప్పండి.