మూడు సంస్కృతులు, ఒక కత్తుల దుకాణం

మాడ్రిడ్‌లో పొద్దున్నే బస్సెక్కిస్తే ఒక్కరోజులో టొలేడో, సెగోవియా రెండూ చుట్టేయొచ్చు. ఆ హడావుడితో నాకు పేచీ లేదు, సెలవులు దొరకని ఉద్యోగం మరి. నా గొడవంతా టొలేడోలో గైడ్ చెప్పిన "మూడు మతాల సామరస్యం" కథతో. అదీ ఎక్కడ నిలబడి? శాంటా మరియా లా బ్లాంకా ముందు! పేరేమో మేరీమాతది, కట్టిందేమో యూదులు, తమ ప్రార్థనా మందిరంగా. 1391లో ఈ ఊళ్లోనే యూదుల్ని ఊచకోత కోశారు. తర్వాత కొన్నేళ్లకే మందిరం చర్చి అయింది. 1492లో మతం మారనివాళ్లని దేశం నుంచే తరిమేశారు. అరబిక్ నుంచి లాటిన్‌లోకి ఇక్కడ గొప్ప అనువాదాలు జరిగిన మాట నిజమే, కాదనను. కానీ రెండోసగం చెప్పడానికి రెండు నిమిషాలు చాలవా? కత్తుల దుకాణంలో అరగంట ఆపారుగా! ఆ మందిరం ఇప్పటికీ కాథలిక్ చర్చి ఆస్తే. ఆ సంగతి చెబితే టికెట్లేం తగ్గవు.