గ్రాండ్‌మాస్టర్ అయ్యాకే అసలు కథ

ఫిల్మ్‌నగర్‌లో ఏ కథా చర్చలోనైనా చదరంగం మాట ఎత్తి చూడండి. జవాబు సిద్ధంగా ఉంటుంది. "లైన్ బాగుందండీ, కానీ ఇద్దరు మనుషులు కూర్చుని బోర్డు చూసుకుంటుంటే జనం ఏం చూస్తారు? బి, సి సెంటర్లలో ఎక్కదు." ఆ వెంటనే 'చెక్' పేరు వస్తుంది. నితిన్ హీరోగా చంద్రశేఖర్ యేలేటి తీసిన ఆ సినిమా 2021 ఫిబ్రవరిలో వచ్చి అనుకున్నంత ఆడలేదు కాబట్టి చదరంగం తెరకు పనికిరాదని తేలిపోయిందంటారు. జూబ్లీహిల్స్‌లో ఒక ఆఫీసు మెట్లు దిగి ఇంకో ఆఫీసు మెట్లెక్కినా ఇదే వాదన. ఇది తప్పని నేను గట్టిగా నమ్ముతున్నాను. మన మధ్య పుట్టి పెరిగిన మనుషుల జీవితాలు మనకే కనపడకుండా పోతున్నది ఈ వాదన వల్లే.

ముందు 'చెక్' సంగతి. ఉరిశిక్ష పడ్డ ఖైదీ జైల్లో చదరంగం నేర్చుకుని, ఆ ఆటనే ఆసరా చేసుకుని క్షమాభిక్ష కోసం పాకులాడతాడు. అంటే చదరంగం ఒక్కటే చాలదన్న భయంతో తీవ్రవాదం కేసును, ఉరికొయ్యను, జైలు గోడలను తెచ్చి దాని చుట్టూ కట్టారు. ఆ సినిమా నిలబడకపోతే నేరం ఆటదెలా అవుతుంది? క్రికెట్ సినిమాలు కూడా ఆడకుండా పోయాయి. క్రికెట్‌లో కథ లేదని అప్పుడెవరూ తీర్పు చెప్పలేదే!

ఆటలో కదలిక ఉంటేనే సినిమా ఆడుతుందన్న సూత్రాన్ని మన తెలుగు సినిమానే ఓడించింది. 'జెర్సీ' చూసినవాళ్లను అడగండి, ముందు ఏం గుర్తొస్తుందో. ముప్పై ఆరేళ్ల వయసులో రంజీ జట్టుకు ఎంపికైన అర్జున్ రైల్వే స్టేషన్‌కు వెళ్లి, రైలు హోరులో గొంతు చించుకుని అరిచే ఘట్టం. అక్కడ బ్యాటూ లేదు, బంతీ లేదు. ఒక మనిషి, అతను పోగొట్టుకున్న పదేళ్లు, అంతే.

చదరంగంలో అలాంటి మనుషులు లేరా? ఉన్నారు. వాళ్ల గురించి మనం చెప్పుకునే తీరులో లోపముంది. 2002లో గ్రాండ్‌మాస్టర్ అయ్యేనాటికి కోనేరు హంపి వయసు 15 ఏళ్ల 1 నెల 27 రోజులు. మహిళల్లో అతి పిన్న గ్రాండ్‌మాస్టర్‌గా హంగరీకి చెందిన జుడిత్ పోల్గార్ పేరిట ఉన్న రికార్డును మూడు నెలల తేడాతో దాటింది. గుడివాడ పిల్ల. తండ్రి అశోక్ కెమిస్ట్రీ పాఠాలు చెప్పే ఉద్యోగం వదిలేసి కూతురికి ఆట నేర్పారు. చాంపియన్ అన్న మాటలోంచే ఆమెకు పేరు పెట్టారు. క్విజ్ పోటీలకు పనికొచ్చే ఈ విశేషాలతో మొదలైన ప్రతి వ్యాసమూ వీటితోనే ముగుస్తుంది. బాలమేధావి అని ముద్ర వేసి పక్కన పెట్టేస్తారు. పుట్టుకతోనే తెలివైన పిల్ల గెలిచిందంటే ఇక సంఘర్షణ ఎక్కడుంది అని రచయిత అనుకుంటాడు. ఆ తర్వాతి ఇరవై మూడేళ్లు ఎవరూ అతనికి చెప్పలేదు మరి.

2008లో ఆ రికార్డు చైనా అమ్మాయి హౌ యిఫాన్ చేతికి పోయింది. మూడేళ్లకు, 2011 నవంబరులో, అల్బేనియాలోని టిరానాలో ప్రపంచ టైటిల్ పోరులో హంపి ఎదుట కూర్చున్నదీ ఆ అమ్మాయే. వయసు 17. హంపి ఒక్క గేమూ గెలవలేక 5.5-2.5తో ఓడింది. తర్వాత పెళ్లి, 2017లో కూతురు, ఆటకు విరామం. ఇక అయిపోయిందనుకున్నవాళ్లు అనుకుంటుండగానే 2019 డిసెంబరులో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ టైటిల్, అదీ టైబ్రేక్‌దాకా వెళ్లి. మళ్లీ గడ్డు కాలం. ఆట మానేద్దామా అన్న ఆలోచన కూడా వచ్చిందని ఆమే చెప్పింది. ఆ స్థితిలో 2024 డిసెంబరులో అదే ప్రపంచ ర్యాపిడ్ టైటిల్ కోసం న్యూయార్క్ వెళ్లి మొదటి రౌండ్‌లోనే ఓడిపోయింది. పదకొండు రౌండ్లు ముగిసేసరికి 8.5 పాయింట్లతో అందరికంటే పైన నిలిచింది. అప్పుడు ఆమెకు 37 ఏళ్లు.

ఏడు నెలలకు జార్జియాలోని బటూమిలో ప్రపంచకప్ ఫైనల్. ఎదుట నాగ్‌పూర్ అమ్మాయి దివ్య దేశ్‌ముఖ్, 19 ఏళ్లు. హంపి గ్రాండ్‌మాస్టర్ అయిన మూడేళ్లకు పుట్టిన పిల్ల. రెండు క్లాసికల్ గేములు డ్రా. టైబ్రేక్‌లో హంపి ఓడింది. ఆ గెలుపుతోనే దివ్యకు గ్రాండ్‌మాస్టర్ హోదా దక్కింది. అందరికన్నా చిన్నదని లోకం మెచ్చుకున్న మనిషి, ఆ తర్వాత బతుకంతా తనకన్నా చిన్నవాళ్ల ఎదుట కూర్చోవలసి రావడం! ఇంటర్వెల్ టిరానాలో వేసుకోవచ్చు. ఇది కథ కాదంటే నాకు నిజంగా కోపం వస్తుంది.

గుంటూరు అమ్మాయి ద్రోణవల్లి హారిక కథ వేరు. 2012, 2015, 2017: మూడు ప్రపంచ చాంపియన్‌షిప్‌లలో మూడు కాంస్యాలు, మూడుసార్లూ సెమీఫైనల్లోనే ఆగిపోయింది. 2022లో మహాబలిపురం ఒలింపియాడ్‌కు తొమ్మిదో నెల గర్భంతో వచ్చి ఆడింది. స్వర్ణం చేతికందేలా ఉన్న భారత మహిళల జట్టు చివరి రౌండ్‌లో అమెరికా చేతిలో ఓడి కాంస్యంతో సరిపెట్టుకుంది. రెండేళ్లకు బుడాపెస్ట్‌లో, తల్లి అయ్యాక, అదే హారిక స్వర్ణం గెలిచిన జట్టులో ఉంది.

ఇక 'బోర్డు చూసుకుంటూ కూర్చునే' మాట. 2024 డిసెంబరు 12, సింగపూర్, ప్రపంచ టైటిల్ పోరు. తెలుగు మూలాలున్న చెన్నై కుర్రాడు గుకేశ్, చైనా ఆటగాడు డింగ్ లిరెన్ 6.5-6.5తో సమానంగా ఉన్నారు. పద్నాలుగో గేమ్, 55వ ఎత్తు. డింగ్ తన ఏనుగును ఎఫ్2 గడిలోకి జరిపాడు. అది ఘోరమైన పొరపాటని గుకేశ్‌కు వెంటనే తట్టలేదు. తట్టిన క్షణాన ఆ పద్దెనిమిదేళ్ల ముఖం ఎలా మారిందో ప్రపంచమంతా చూసింది. డింగ్ ఓటమి ఒప్పుకున్నాక కుర్రాడు వెక్కి వెక్కి ఏడ్చాడు. ఏడుస్తూనే పావులన్నిటినీ ఒక్కొక్కటిగా వాటి గళ్లలో తిరిగి పేర్చాడు. మరుసటి ఏడాది జూన్‌లో నార్వేలో గుకేశ్ చేతిలో ఓడిన మాజీ ప్రపంచ చాంపియన్ కార్ల్‌సన్ పిడికిలితో బల్ల గుద్దితే పావులు ఎగిరిపడ్డాయి. కెమెరా కోరుకునేది ముఖాన్నే కదా. గంటల తరబడి దాచుకున్నదంతా ఒక్కసారిగా బయటపడే ముఖం ఇంకే ఆటలో ఇంత దగ్గరగా దొరుకుతుంది? 2020లో వచ్చిన 'ది క్వీన్స్ గ్యాంబిట్' సిరీస్‌ను నాలుగు వారాల్లో 6.2 కోట్ల ఇళ్లలో చూశారని నెట్‌ఫ్లిక్స్ ప్రకటించింది. అందులో నాయిక కల్పిత పాత్ర. మన దగ్గర నిజమైన మనుషులే ఉన్నారు.

అసలు అడ్డంకి వేరే ఉందని నా అనుమానం. మన చదరంగం కథల్లో బలమైనవి రెండూ ఆడవాళ్లవి. హంపి పాత్ర ఏ హీరో వేస్తాడు? హారిక గర్భంతో ఆడిన ఘట్టంలో ఎలివేషన్ ఎవరికి? ఈ మాట పైకి అనలేక నెపం ఆట మీదకు నెడుతున్నారు. కానీ 2018లో 'మహానటి' వచ్చింది. సావిత్రి కథను జనం థియేటర్లకు వెళ్లి చూశారు, కీర్తి సురేశ్‌కు జాతీయ అవార్డు వచ్చింది. కాబట్టి ఆ నెపమూ చెల్లదు.

హారికను తీర్చిదిద్దిన రామరాజు గారి అకాడమీ ఈ హైదరాబాద్‌లోనే ఉంది. రచయితలు ఓ పూట అక్కడికి వెళ్లాలి. ఎన్నేళ్లకు గ్రాండ్‌మాస్టర్ అయ్యారన్న లెక్క అందరికీ తెలిసిందే, అది వదిలేయాలి. ఓడిపోయి ఇంటికొచ్చిన వారం ఎలా గడుస్తుంది, బిడ్డ పుట్టాక మళ్లీ ఆడతానంటే ఇంట్లో ఎవరేమంటారు, తనకన్నా ఇరవై ఏళ్లు చిన్నదాని ఎదుట కూర్చున్నప్పుడు చేయి వణుకుతుందా అని ఆడినవాళ్లనే అడిగి రాసుకోవాలి. రాసుకున్నాక కూడా ఇందులో సినిమా లేదంటే, అప్పుడు కూర్చుని వాదించుకుందాం.