మన ఊరిని మనకు పరాయిభాషలో చూపించే నడకలు

హైదరాబాదు పాతనగరంలో ‘హెరిటేజ్ వాక్’ అనే వేడుక ఒకటి బాగా వ్యాప్తిలోకి వచ్చింది. సెలవుదినాన తెల్లవారగానే చార్మినారు దగ్గర పాతికమంది గుమిగూడతారు. మెడలో గుర్తింపుపత్రం వేలాడదీసుకున్న మార్గదర్శకుడొకడు ముందు నడుస్తాడు. లాడ్ బజారు మీదుగా చౌమహల్లా దాకా నడిపించి, నడుమ ఇరానీ చాయ్ తాగించి, ఎండ ముదరకముందే ఇళ్ళకు పంపిస్తాడు. రెండున్నర గంటల పని. పురవీథులను కాలినడకన చూడాలనే బుద్ధి పుట్టడమే గొప్ప విషయం, దానిని నేను ఎంతమాత్రమూ తక్కువ చేయను. నా అభియోగం వేరు. ఈ నడకలలో నేను చూసినవీ విన్నవీ అన్నీ ఆంగ్లంలోనే సాగాయి. తెలుగువాడి చరిత్ర గల వీథులను అన్నీ వదిలిపెట్టే సాగాయి. తెలుగునేల మీద ఒక తెలుగువాడు తోటి తెలుగువారికి తెలుగు ప్రసక్తియే లేకుండా ఆంగ్లంలో చెప్పే కథకు వారసత్వం అని పేరు పెట్టడానికి నాకు నోరు రావడం లేదు.

పంతులుగారికి చాదస్తం ముదిరిందని నవ్వుకునే మిత్రులు కాస్త ఓపికపట్టి చదువుదురు గాక.

మేముండే సుచిత్ర ప్రాంతం నుండి చార్మినారు ఇరవై కిలోమీటర్ల లోపే. అయినా మా కాలనీలో ఆ దారి పట్టేవారు రెండు సందర్భాలలోనే కనబడతారు. ఇంట్లో పెళ్ళి కుదిరితే గాజులకూ ముత్యాలకూ వెళ్తారు; రంజాను మాసంలో హలీముకు వెళ్తారు. ఆదిలాబాదు నుండి, నిజామాబాదు నుండి, గోదావరి జిల్లాల నుండి వచ్చి ఇక్కడ ఇళ్ళు కట్టుకున్నవారం, మాకు ఆ ఊరితో ఉన్న చుట్టరికం అంతే. మొన్నటి చలికాలంలో మాలో కొందరం డబ్బు కట్టి అటువంటి నడక ఒకదానికి వెళ్ళాం. నిర్వాహకుల పేరు అనవసరం. వచ్చిన ఇరవైమందిలో తెలుగు రానివారు ఇద్దరు. నడిపించే కుర్రవాడు తన మిత్రుడితో ఫోనులో మాట్లాడినప్పుడు చక్కని నల్లగొండ తెలుగు వినబడింది. “నాయనా, మాకు కాస్త తెలుగులోనూ చెప్పరాదా?” అన్నాను. “మాకు ఇంగ్లీషులోనే నేర్పించారు సార్, తెలుగులో చెప్పాలంటే మాటలు దొరకవు” అన్నాడు. ఎంత నిజాయితీ! ఆ పిల్లవాణ్ణి నేను తప్పుపట్టను. కమాను, గచ్చు, దూలం, మండువా అనే మాటలు అతని తాతగారి నోట నిత్యం ఆడి ఉంటాయి. మనుమడి దాకా రాకుండా వాటిని అడ్డగించిన చదువుది తప్పు. గోలకొండకోటలో సౌండ్ అండ్ లైట్ ప్రదర్శన ఏళ్ళతరబడి తెలుగులోనూ నడిచింది. అంటే యంత్రానికి నేర్పగలిగిన తెలుగును మనిషికి నేర్పలేకపోయామన్నమాట.

భాష సంగతి అట్లా ఉంచి, చెప్పిన విషయమైనా చూద్దామా? చార్మినారు నీడలో అతడు ఇరవై నిమిషాలు భాగమతి ప్రణయగాథ వినిపించాడు. ఆ కథ నిజమా కల్పనా అన్నదానిపై చరిత్రకారులకే ఏకాభిప్రాయం లేదు. హెచ్.కె. షేర్వానీ కాదన్నారు, నరేంద్ర లూథర్ ఔనన్నారు. సందేహాస్పదమైన ఆ కథకు ఇరవై నిమిషాలు. గ్రంథస్థమై కళ్ళెదుట నిలిచిన తెలుగు సంగతికి అరనిమిషమైనా లేదు. 1591లో చార్మినారు కట్టించిన మహమ్మద్ కులీకి తండ్రి ఇబ్రహీం కుతుబ్ షా. తెలుగు కవులు ఆయనను తమ నాలుకకు అనువుగా ‘మల్కిభరాముడు’ అని పిలుచుకున్నారు. అద్దంకి గంగాధరకవి ‘తపతీసంవరణోపాఖ్యానము’ను ఆయనకు అంకితమిచ్చాడు. పటాన్‌చెరువు ప్రభువు అమీన్ ఖానుకు పొన్నెగంటి తెలగనార్యుడు ‘యయాతిచరిత్ర’ను అంకితం చేశాడు. తత్సమపదాలను విసర్జించి రాసిన తొలి అచ్చతెలుగు కావ్యం అది. మన అచ్చతెలుగుకు తొలి కృతిభర్త ఒక ముసల్మాను ప్రభువు! భాగమతి కథకన్న ఇది తక్కువ ఆశ్చర్యమా? ఆ వంశంలో చివరివాడైన తానాషా కాలపు ఫర్మానాలలో పారసీతోపాటు తెలుగు కూడా ఉండేది. మన నడకలో తానాషా పేరు వచ్చింది గాని, ఆయన కొలువులో తెలుగు రాతకు చోటుండేదన్న ముక్క రాలేదు.

ఇక నా అసలు తగవు, ఈ నడకలు ఎక్కడ మొదలుపెడుతున్నారన్నదానిపై. తెలుగువాడు హైదరాబాదులో నడవదలిస్తే మూసీకి దక్షిణాన కాదు, ఉత్తరాన సుల్తాన్ బజారులో తొలి అడుగు వేయాలి.

అక్కడి బ్రిటిషు రెసిడెన్సీ భవనం పందొమ్మిదవ శతాబ్ది తొలి ఏళ్ళలో, కిర్క్‌పాట్రిక్ కాలంలో లేచింది. 1949లో మహిళా కళాశాల ఆ భవనంలోకి వచ్చింది, ఆ కళాశాలే ఇప్పుడు చాకలి ఐలమ్మ పేరిట విశ్వవిద్యాలయమైంది. దాని చుట్టూ పెరిగిన వాడలకు రెసిడెన్సీ బజార్లు అని పేరు. అవి నిజాము నగరంలోనే ఉన్నా పెత్తనం రెసిడెంటుది. 1933లో వాటిని నిజాముకు తిరిగి అప్పగించిన పిమ్మటనే సుల్తాన్ బజారు అనే పేరు స్థిరపడింది. నిజాము ఏలుబడిలో సభ జరుపుకోవాలన్నా సంఘం పెట్టుకోవాలన్నా ఎదురయ్యే అడ్డంకులు ఆ సరిహద్దుకు ఇవతల అంతగా ఉండేవి కావు. తెలుగు చదువు అక్కడ కుదురుకోవడానికి అది ఒక కారణం.

1901 సెప్టెంబరు 1న కొమర్రాజు లక్ష్మణరావు, మునగాల రాజా నాయని వెంకటరంగారావు, రావిచెట్టు రంగారావు, ఆదిపూడి సోమనాథరావు ప్రభృతులు శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయాన్ని స్థాపించారు. రంగారావుగారి ఇంటనే అది మొదలైంది. నిజాము రాష్ట్రంలో తొలి తెలుగు గ్రంథాలయం అదే. దాని వెనుకనే 1904లో హనుమకొండలో రాజరాజనరేంద్రాంధ్ర భాషానిలయం, 1905లో సికింద్రాబాదులో ఆంధ్రసంవర్ధనీ గ్రంథాలయం వెలిశాయి. 1906లో విజ్ఞానచంద్రికా గ్రంథమండలి ఈ నగరంలోనే పుట్టి, తర్వాత మద్రాసుకు తరలింది. చరిత్ర, శాస్త్రం తెలుగు వచనంలో చదువుకోవచ్చునని మన తాతలకు తెలియజెప్పిన మండలి అది. ఈ వేళ మనం తెలుగులో ఏ విజ్ఞానవిషయం రాసుకున్నా దాని వేరు ఎక్కడో ఆ వీథులలోనే తగులుతుంది. భాషానిలయం నేటికీ సుల్తాన్ బజారులోనే ఉంది. నేను వెళ్ళిన నడక దాని ఛాయలకైనా పోలేదు.

అక్కడికి దాపుననే, జాంబాగులో, వివేకవర్ధనీ విద్యాసంస్థ ఉంది. 1921 నవంబరులో అక్కడ నిజాము రాష్ట్ర సంఘసంస్కార సభ జరిగింది. కార్వే పండితుడు అధ్యక్షుడు. ఆంగ్లంలో, ఉర్దూలో, మరాఠీలో మాట్లాడినవారిని సభ్యులు సాంతం విన్నారు. న్యాయవాది ఆలంపల్లి వెంకటరామారావు లేచి తెలుగులో మొదలుపెట్టేసరికి అల్లరిచేసి, ఎగతాళిచేసి కూర్చోబెట్టారు. ఆ అవమానం సహించలేని తెలుగువారు ఆ రాత్రే ఒకచోట చేరి ఆంధ్రజనసంఘాన్ని ఏర్పరచుకున్నారు. మాడపాటి హనుమంతరావుగారు దానిని ముందుకు నడిపారు, ఆ వృత్తాంతాన్ని ‘తెలంగాణా ఆంధ్రోద్యమము’లో గ్రంథస్థం చేశారు. ఆంధ్రమహాసభలు, ఊరూరా గ్రంథాలయాలు, తెలుగు బాలికలకు బడి, ఇన్ని ఆ ఒక్క రాత్రి నుండి మొలకెత్తాయి.

ఇప్పుడు చెప్పండి. తెలుగులో మాట్లాడినందుకు ఒకనాడు మనిషిని కూర్చోబెట్టిన నగరంలో, నూరేళ్ళు దాటిన పిమ్మట, తెలుగువారు పద్దెనిమిదిమంది డబ్బిచ్చి మరీ ఆంగ్లంలో చరిత్ర విని తలలూపి ఇళ్ళకు వెళ్ళారు. ఆనాడు నోరు మూయించడానికి ఎదుటివారు అల్లరిచేయవలసి వచ్చింది. ఈనాడు ఆ శ్రమ ఎవరికీ లేదు.

విదేశీయాత్రికుల కోసం ఆంగ్లం తప్పదంటారు. వారికోసం ఆంగ్లంలో చెప్పండి, ఎవరు వద్దన్నారు? నేనడిగేది మిగిలినవారి గురించి. తెలుగులో పెడితే ఎవరూ రారని మరో మాట. హరికథకు, అవధానానికి, పురాణకాలక్షేపానికి గంటలతరబడి కదలకుండా కూర్చునే జాతి, నడుస్తూ కథ వినడానికి రాదా? పిలిచి చూడకుండానే రారని తీర్పు చెప్పడం వ్యాపారుల లెక్క కావచ్చు, న్యాయం మాత్రం కాదు.

వీరికన్న నన్ను ఎక్కువ బాధపెట్టేవారు మనలోనే ఉన్నారు. “పాతబస్తీలో మనకేముంది మాస్టారూ, అది మన ఊరు కాదు” అంటారు. అట్లా అనేవారిలో భాషాభిమానులే ఎక్కువ. అయ్యా, బూర్గుల రామకృష్ణారావుగారు పారశీ వాఙ్మయచరిత్రను తెలుగులో రాశారు. దాశరథి గాలిబును తెనిగించారు. మాడపాటివారికి ఉర్దూ కొట్టిన పిండి. తెలుగుకు అవమానం జరిగిందని సంఘం పెట్టినవారు ఎదుటిభాషను ద్వేషించలేదు, నేర్చుకున్నారు. చార్మినారు చుట్టూ వినబడేది ఉర్దూ, ఆ వీథుల తల్లిభాష అది. నడకను ఉర్దూలో చెప్పినా నేను చెవి ఒగ్గి వింటాను. దానిని తొలగించి అక్కడ తెలుగు పెట్టండనేవాడు నాతో రానక్కరలేదు.

రెండున్నర గంటల పరుగు కూడా నాకు నచ్చదు. జపానులో 1975లో సాంస్కృతిక సంపద రక్షణచట్టాన్ని సవరించి, ఒక్కొక్క కట్టడాన్ని మాత్రమే కాక వాడను వాడగానే కాపాడే పద్ధతి తెచ్చారు. క్యోటోలో గియోన్ షింబాషి వంటి వాడలు 1976లోనే ఆ రక్షణలోకి వచ్చాయి. 2007లో ఆ నగరం కొత్త మేడల ఎత్తుకు కళ్ళెం వేసి, మిద్దెలమీది ప్రకటనలను నిషేధించింది. అటువంటి చోట్ల పొద్దున బయలుదేరి సాయంత్రం దాకా తిప్పి చూపే యాత్రలు ఉన్నాయి. దినమంతా నడిచినవాడికి వీథిలో వెలుగు మారడం తెలుస్తుంది, అంగడి తెరవడం, మూయడం తెలుస్తుంది, అక్కడ బతికే మనుషులు ఎదురవుతారు. అక్కడా అంతా సవ్యంగా లేదులెండి. యాత్రికుల ఆగడం భరించలేక 2024లో గియోన్ వాసులు తమ సొంత సందులలోకి పరులను రానివ్వడం మానేశారు. లాడ్ బజారు వెనుక లక్క గాజులు చేసేవారి ముఖాలమీదికి కెమెరా గురిపెట్టే మన నడకబృందాలు ఆ సంగతి గుర్తుంచుకుంటే మేలు. మన చట్టాల ముచ్చట ఎత్తకపోవడమే మంచిది. నగరంలో పురాతనకట్టడాలను కాపాడుతూ వచ్చిన 13వ నియమాన్ని 2015లో తీసివేశారు, 2017లో వేరే చట్టం వచ్చింది. అయినా 2019లో ఇర్రం మంజిల్‌ను కూల్చకుండా ఆపడానికి ఉన్నతన్యాయస్థానం కలుగజేసుకోవలసి వచ్చింది. వాడను వాడగా కాపాడుకోవడం మనకు ఇంకా దూరపు మాట. కనీసం చూసి చెప్పుకుందాం.

కనుక మిత్రులారా, ఆక్షేపించి ఊరుకోవడం నాకు ఇష్టం లేదు. ఒక దినమంతా పట్టే తెలుగు నడకను నేనే ఆరంభించదలచాను. సుచిత్ర వైపువారు జూబ్లీ బస్ స్టేషను దాకా బస్సులో వచ్చి మెట్రో ఎక్కితే సరాసరి సుల్తాన్ బజారులో దిగవచ్చు, 2020 నుండి ఆ సౌకర్యం ఉంది. ఉదయం భాషానిలయం, ఆపైన జాంబాగు. అనుమతి దొరికితే రెసిడెన్సీ భవనం, దొరకకపోతే గోడ బయట నిలబడి 1857 జూలైలో తుర్రేబాజ్ ఖాన్ దానిపై చేసిన దాడి కథ చెప్పుకుంటాం. మధ్యాహ్నానికి అఫ్జల్‌గంజ్. అక్కడ ఆసఫియా గ్రంథాలయంగా పుట్టిన రాష్ట్ర కేంద్ర గ్రంథాలయం ఉంది. ఆ దాపుననే ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలో, 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగినప్పుడు నూటయాభైమందిని కొమ్మలపై నిలిపి కాపాడిన చింతచెట్టు ఉంది. దాని కింద కాసేపు కూర్చుంటాం. భోజనం ఎవరిది వారు తెచ్చుకోవాలి. ఎండ తగ్గాక నయాపూల్ దాటి, వరద తర్వాత నగరాన్ని తీర్చిదిద్దినవారు కట్టించిన పత్తర్‌గట్టి రాతి అంగళ్ళ వరుస వెంట చార్మినారు చేరతాం. అక్కడ మల్కిభరాముడి మాట, అమీన్ ఖాను మాట, ఆ పైన సమయముంటే భాగమతి మాట. మొత్తం నడక నాలుగైదు కిలోమీటర్లు, మోకాళ్ళు నొప్పులున్న నేనే నడవగలను.

రుసుము లేదు. మాఘం దాటితే ఎండలు ముదురుతాయి గనుక ఆలోగా ఒక ఆదివారం చూద్దాం. రాదలచినవారు ఈ టపా కింద ఒక మాట రాయండి. పిల్లలను తీసుకురండి, గొడుగు, మంచినీళ్ళు మరవకండి. ఒక్క కోరిక: మీలో పారసీ లిపి చదవగలిగినవారు ఒక్కరైనా ఉంటే తప్పక రండి. దారిలో గోడలమీది రాతలు నాకు చదవడం రాదు, అర్థం మీరు చెబితే తెలుగు నేను చెబుతాను.