మోతియాబింద్‌కు సహనం మందు కాదు

జహనుమా అంటే లోకాన్ని చూపేది అని అర్థం. ఆ పేటలోనూ, పక్కనున్న ఫలక్‌నుమా, షంషీర్‌గంజ్ గల్లీలలోనూ చూపు సన్నగిల్లినా "అల్లాహ్ మర్జీ" అంటూ గోడ పట్టుకుని నడిచే నానీలు, దాదీలు ఇంకా ఉన్నారు. వారిలో చాలామంది భయం కత్తి గురించి కాదు, సజ్దా గురించి. ఆపరేషనయ్యాక తల వంచరాదు, కంటికి నీరు తగలరాదు అంటారు. మరి నమాజు ఏమైపోవాలి?

ఇది కొత్త ప్రశ్న కాదు. హజ్రత్ ఇబ్నె అబ్బాస్ (రజి)కు చూపు పోయినప్పుడు, ఏడు రోజులు పడుకునే నమాజు చేస్తే నయం చేస్తానని ఒకతను చెప్పాడు. ఆయన హజ్రత్ ఆయిషా (రజి) మొదలైనవారిని అడిగి, చికిత్స మానుకున్నారు. ఇబ్నె ఖుదామా 'అల్ ముగ్నీ'లో ఈ ఉల్లేఖనం ఉంది. మన పెద్దలు కొందరు ఇక్కడే ఆగిపోతారు. నమ్మకమైన వైద్యులు చెబితే పడుకుని నమాజు చేయవచ్చన్న ఇమామ్ అబూ హనీఫా అభిప్రాయం కూడా అక్కడే ఉంది. మన నగరంలో అత్యధికులు అనుసరించేది ఆయన మజ్‌హబ్‌నే కదా!

పైగా నేడు ఏడు రోజులు పడుకోనక్కరలేదు. రెండు మూడు మిల్లీమీటర్ల కోతతో మసకబారిన కటకాన్ని తీసి, కొత్తది అమర్చి, సాధారణంగా అదే రోజు ఇంటికి పంపుతున్నారు. డాక్టరు వద్దన్నన్నాళ్లు కుర్చీలో కూర్చుని సైగతో నమాజు, కట్టు మీద మసహ్. ధర్మం ఇచ్చిన సౌలభ్యమే ఇది. సుమారు వెయ్యేళ్ల క్రితమే అమ్మార్ అల్ మౌసిలీ బోలు సూదితో మోతియాను పీల్చి తీశాడు. ఆయన వారసులం సూదికి జంకడమా?

చూపు కోల్పోయి సహనం వహించినవారికి స్వర్గ శుభవార్త ఉన్న మాట నిజమే. వైద్యం చేయించుకోమని, ముసలితనానికి తప్ప ప్రతి రోగానికీ మందు ఉందని చెప్పింది కూడా ఆ ప్రవక్త (స)యే. వైద్యం ఉండగా ఊరకుండటం సహనం కాదు.

మోతియా "పండాలి" అని ఆగడం మరో పొరపాటు. కాలా మోతియాలో పోయిన చూపు తిరిగి రాదు. కంటి ఒత్తిడి పరీక్షతో ముందే పసిగట్టాలి. షుగరున్నవారు ఏటా చుక్కలు వేయించుకుని రెటీనా చూపించుకోవాలి.

మెహదీపట్నంలో సరోజినీదేవి ప్రభుత్వాసుపత్రి ఉంది. 2018లో, మళ్లీ 2023లో కంటి వెలుగు శిబిరాలు జరిగాయి. ఇలాంటి కబురు జుమా తర్వాత మైకులో చెబితే విన్నది మగవాళ్లే. కార్చోబీ పనితో కళ్లు అరగదీసుకున్న అమ్మీకి ఇంట్లో ఎవరు చెప్పాలి? ఆమెను ఆటో ఎక్కించి తీసుకుపోవడానికి ఒక పూట దుకాణం మూసే కొడుకు కావాలి.